స్టేషన్ కట్టగానే సరిపోదు.. బండి నిలవాలి!

నర్సీపట్నం: పట్టణం పేరు రైల్వే పటంలో ఉంది. పట్టణంలో మాత్రం పట్టాలు లేవు. ఎలమంచిలికీ తునికీ నడుమ ఉన్న 'నర్సీపట్నం రోడ్డు' స్టేషన్‌లో దిగిన కొత్తవారు ఊరెక్కడని వాకబు చేస్తే, ఇంచుమించు 30 కిలోమీటర్లు బస్సులో పోవాలన్న జవాబు వినవలసిందే. అదే హైదరాబాద్‌లోనైతే కాలనీల నడిబొడ్డున, ఇళ్ల గుమ్మాలకు కూతవేటు దూరంలో ఆరు కొత్త స్టేషన్లు వెలిశాయి. విశాఖపట్నంలో మెట్రో తొలిదశ కింద 42 స్టేషన్లకు పథకం రూపొందింది.

ఎక్కడో హైదరాబాద్ పేటల్లో స్టేషన్ వస్తే మనకేమిటని అనుకోవడానికి వీల్లేదు. చదువుకో, కొలువుకో అక్కడికి వెళ్లిన పిల్లలు లేని వీధి నర్సీపట్నంలో అరుదు. స్టేషన్ దగ్గరగా ఉందన్న ఒక్క మాటతో గది అద్దె పెరుగుతుంది, ఫ్లాటు ధర పెరుగుతుంది. విశాఖ ఆసుపత్రులకు, కళాశాలలకు, పరిశ్రమలకు ఇక్కడి నుంచి వెళ్లివచ్చేవారి సంగతి చెప్పనక్కరలేదు. అందుచేత ఒక పేటకు స్టేషన్ ఎలా మంజూరవుతుంది, సొమ్ము ఎవరిది, కట్టిన తర్వాత అది ఎందుకు బోసిపోతుంది అన్న విషయాలు ఇక్కడివారికీ తెలియవలసినవే.

'రోడ్డు' వెనుక కథ

తూర్పు తీరపు రైలు మార్గాన్ని 1893-96 సంవత్సరాల మధ్య కటక్ నుంచి విజయవాడ వరకు నిర్మించారు. రేవులను కలుపుతూ, మైదానం వెంబడి, వీలైనంత సమతలంగా మార్గం సాగాలన్నది నాటి ఇంజినీర్ల ధ్యేయం. తూర్పు కనుమల పాదాల చెంత, చింతపల్లి మన్యానికి ముఖద్వారంగా ఉన్న నర్సీపట్నం ఆ దారిలోకి రాలేదు. లోపలి ఊళ్లకు వెళ్లేవారు ఎక్కడ దిగి రోడ్డు పట్టుకోవాలో తెలిపేందుకు స్టేషన్ పేరు చివర 'రోడ్డు' అన్న మాటను తగిలించడం రైల్వేలో పాత ఆనవాయితీ. ఆమదాలవలసలో ఉన్న స్టేషన్ శ్రీకాకుళం రోడ్డు అయింది. కొత్తగూడెంలో ఉన్నది భద్రాచలం రోడ్డు అయింది. రాఘవేంద్రస్వామి భక్తులు దిగేది మంత్రాలయం రోడ్డులో. పేరు చూసి టికెట్ కొన్నవారు ఆ పేరుగల ఊళ్లోనే దిగుతామనుకుంటే పొరపాటే.

ఇలా ఊరికి దూరంగా స్టేషన్ ఉండటం వల్ల కలిగే నష్టం దూరప్రయాణంలో అంతగా తెలియదు. సికింద్రాబాద్‌కో చెన్నైకో రాత్రంతా ప్రయాణించేవారికి మొదట్లో ఒక గంట బస్సు ప్రయాణం పెద్ద లెక్కలోనిది కాదు. నిత్యం వెళ్లివచ్చేవారికి మాత్రం ఆ గంటే ప్రాణం. ఉదయం ఒక గంట, సాయంత్రం ఒక గంట రోడ్డు మీదనే గడిస్తే రైలు ఎంత వేగంగా నడిచినా ప్రయోజనం లేదు. స్టేషన్ ఇంటికి దగ్గరగా ఉండాలన్న నియమం నగర రైళ్లకు పునాది కావడానికి కారణం ఇదే.

రెండు తలల బండి

మన దేశంలో మొదటి ప్రయాణికుల రైలు 1853 ఏప్రిల్ 16న బొంబాయి బోరీబందర్ నుంచి ఠాణేకు నడిచిన సంగతి విదితమే. ఆ దూరం 34 కిలోమీటర్లే. అంటే తొలి బండి నడిచిన దారే తర్వాతి కాలంలో నగర శివారు రైళ్ల దారి అయింది. 1925లో బొంబాయిలోనే విద్యుత్ రైలు మొదలైంది. నేడు ముంబయి లోకల్, చెన్నై శివారు రైళ్లు, హైదరాబాద్ ఎంఎంటీఎస్ అన్నీ ఆ కోవకు చెందినవే.

ఎక్స్‌ప్రెస్‌కు ముందు ఇంజిను ఉంటుంది, వెనుక పెట్టెలు ఉంటాయి. గమ్యం చేరాక తిరుగు ప్రయాణానికి ఇంజినును విడదీసి రెండో కొసకు తగిలించాలి. లోకల్ బండికి ఆ బెడద లేదు. రెండు చివరలా డ్రైవరు గది ఉంటుంది. మోటార్లు కొన్ని పెట్టెల కిందనే అమర్చి ఉంటాయి. డ్రైవరు ఇటు దిగి అటు ఎక్కితే చాలు, బండి తిరుగుముఖం పడుతుంది. మోటార్లు బండి పొడవునా పరచుకొని ఉండటం వల్ల ఆగిన చోటు నుంచి చప్పున వేగం అందుకుంటుంది. రెండు కిలోమీటర్లకొక స్టేషన్‌లో ఆగుతూ పోవలసిన బండికి కావలసినది గంటకు 130 కిలోమీటర్ల వేగం కాదు, త్వరగా ఆగి త్వరగా కదలగల శక్తి. మన మార్గంలో నడిచే మెమూ బళ్లు కూడా ఈ తరహావే. ఊరి స్టేషన్‌లో అవి ఆగీ ఆగగానే కదిలిపోతాయని పెద్దవయసువారు విసుక్కోవడం కద్దు. ఆ తొందరలోనే వాటి ఉపయోగం ఉంది.

స్టేషన్ పరిమాణంలోనూ తేడా ఉంది. 24 పెట్టెల ఎక్స్‌ప్రెస్ నిలవాలంటే ఆరు వందల మీటర్ల వరకు ప్లాట్‌ఫారం కావాలి. పన్నెండు పెట్టెల లోకల్‌కు అందులో సగం కన్నా తక్కువ సరిపోతుంది. ఇరుకైన పేటల్లో స్టేషన్ కట్టడం సాధ్యమయ్యేది ఈ కారణంగానే.

పన్నెండేళ్ల నిరీక్షణ

హైదరాబాద్‌లో ఎంఎంటీఎస్ తొలిదశ 2003 ఆగస్టు 9న ప్రారంభమైంది. నాటి ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం, దక్షిణ మధ్య రైల్వే కలసి సుమారు రూ.178 కోట్లతో చేపట్టిన పథకమిది. అప్పటికే ఉన్న పట్టాలను వాడుకుంటూ, నడుమ కొత్త స్టేషన్లు కట్టి, లింగంపల్లి, సికింద్రాబాద్, నాంపల్లి మధ్య బళ్లు నడిపారు. ఫలక్‌నుమా మార్గం 2004లో కలిసింది. మాదాపూర్ ప్రాంతంలో సాఫ్ట్‌వేర్ సంస్థలు వెలుస్తున్న రోజుల్లో హైటెక్ సిటీ పేరిట స్టేషన్ రావడం ఎందరో ఉద్యోగులకు వరమైంది. కరోనాకు ముందు నిత్యం 121 సర్వీసులు నడిచేవి.

రెండో దశ మంజూరైంది 2012-13లో. అంచనా వ్యయం సుమారు రూ.816 కోట్లు. ఇందులో మూడింట రెండు వంతులు రాష్ట్రం, ఒక వంతు రైల్వే భరించాలన్నది ఒప్పందం. మేడ్చల్, ఘట్‌కేసర్, శంషాబాద్ వైపులకు బళ్లు పొడిగించడం, సనత్‌నగర్ నుంచి మౌలాలి వరకు ఒంటి మార్గాన్ని రెండు వరుసలు చేసి విద్యుదీకరించడం, తెల్లాపూర్ నుంచి రామచంద్రాపురానికి మార్గం వేయడం ఇందులోని ముఖ్యాంశాలు. రాష్ట్ర విభజన 2014లో జరిగింది. ఒప్పందంపై సంతకం చేసిన ప్రభుత్వం ఒకటి, సొమ్ము ఇవ్వవలసిన ప్రభుత్వం మరొకటి అయ్యాయి. రాష్ట్ర వాటా సకాలంలో అందడం లేదని రైల్వే అధికారులు ఏళ్ల తరబడి చెబుతూ వచ్చారు. ఈలోగా ఇనుము ధర పెరిగింది, సిమెంటు ధర పెరిగింది, అంచనా వెయ్యి కోట్లు దాటింది. 2023-24 కేంద్ర బడ్జెట్‌లో రెండో దశకు రూ.600 కోట్లు చూపిన తర్వాతనే పనులు ఊపందుకున్నాయి.

డబ్బు ఒక్కటే అడ్డంకి కాదు. సనత్‌నగర్-మౌలాలి మార్గం పూర్వం ముఖ్యంగా గూడ్సు బళ్లది. సికింద్రాబాద్ స్టేషన్ రద్దీలోకి పోకుండా సరకు బళ్లు పక్కదారిన పోవడానికి ఉద్దేశించినది. దాని ఇరుప్రక్కలా దశాబ్దాల కాలంలో కాలనీలు పెరిగాయి. బళ్లు తమ కిటికీల ముందు నుంచి పోతుంటే చూడటమే తప్ప ఎక్కే భాగ్యం ఆ కాలనీవారికి లేదు. రెండో వరుస వేయాలంటే కొంత భాగం రక్షణశాఖ భూముల గుండా పోవాలి. రెండు కేంద్ర శాఖల మధ్య భూమి చేతులు మారడానికి పట్టిన కాలం చూస్తే, ప్రైవేటు రైతు నుంచి భూమి సేకరించడమే సులువని అనిపించక మానదు.

ఎట్టకేలకు 2024 మార్చి 5న ఈ 22 కిలోమీటర్ల మార్గాన్ని ప్రధానమంత్రి ప్రారంభించారు. ఫిరోజ్‌గూడ, సుచిత్ర సెంటర్, భూదేవినగర్, అమ్ముగూడ, నేరేడ్‌మెట్, మౌలాలి హౌసింగ్ బోర్డు వద్ద ఆరు కొత్త స్టేషన్ భవనాలు అందులో భాగం. ఘట్‌కేసర్ నుంచి లింగంపల్లికి మౌలాలి, సనత్‌నగర్ మీదుగా తొలి బండి ఆనాడే కదిలింది. పథకం మంజూరైన ఏడాది ఒకటో తరగతిలో చేరిన పిల్లవాడు ఆ బండి కదిలేనాటికి ఇంటర్ రెండో సంవత్సరం పరీక్షలు రాస్తున్నాడు. రెండో దశలోని మిగతా మార్గాలు కూడా ఒకేసారి తెరుచుకోలేదు. రామచంద్రాపురానికి 2019లోనే బండి వెళ్లింది. మేడ్చల్, ఉందానగర్ వైపు సర్వీసులకు 2023 ఏప్రిల్ 8న పచ్చజెండా ఊపారు. శంషాబాద్ విమానాశ్రయం దాకా పోవలసిన దారి మాత్రం ఉందానగర్ వద్దనే నిలిచిపోయింది.

అద్దాల భవనం.. ఖాళీ బల్లలు

స్టేషన్ వచ్చింది. మరి బళ్లు? కొత్త మార్గంలో మొదట నడిపిన సర్వీసులు చాలా తక్కువ. ఉదయం ఒక బండి తప్పితే తర్వాతి దాని కోసం గంటల కొద్దీ నిరీక్షించాలన్నది కాలనీవాసుల ఫిర్యాదు. ప్రయాణికులు లేరు కనుక బళ్లు పెంచలేమని రైల్వే అంటుంది. బళ్లు లేవు కనుక స్టేషన్‌కు రావడం లేదని ప్రయాణికులు అంటారు. చెట్టు ముందా విత్తు ముందా అన్న చందాన ఈ వాదం ఎంతకీ తెగదు. ఇందులో ప్రయాణికుల పక్షాన న్యాయం ఎక్కువగా ఉందని చెప్పక తప్పదు. ఆఫీసుకు వెళ్లే మనిషి పదిహేను నిమిషాలకొక బండి ఉందన్న భరోసా కలిగిన తర్వాతనే మోటారుసైకిలును ఇంటి దగ్గర విడుస్తాడు.

ఇక రైల్వే పక్షాన ఉన్న ఇబ్బందినీ గుర్తించాలి. ఎంఎంటీఎస్‌కు సొంత పట్టాలు లేవు. ఎక్స్‌ప్రెస్, గూడ్సు, లోకల్ అన్నీ ఒకే దారిన పోవాలి. ఆలస్యంగా నడుస్తున్న దూరప్రాంత బండికి దారి ఇచ్చేందుకు లోకల్‌ను పక్కన నిలపడం మామూలే. పాత పద్ధతి సిగ్నళ్లున్న చోట రెండు స్టేషన్ల మధ్య ఒకే బండి ఉండాలి. అది తర్వాతి స్టేషన్ చేరేవరకు వెనుక బండి కదలరాదు. ఆటోమేటిక్ సిగ్నళ్లు అమర్చిన చోట ఇంచుమించు కిలోమీటరుకొక సిగ్నలు ఉంటుంది, ఒకదాని వెనుక ఒకటిగా బళ్లు వదలవచ్చు. సనత్‌నగర్-మౌలాలి మధ్య ఈ సదుపాయం కల్పించారు. కాబట్టి దారి ఇరుకన్న కారణం అక్కడ కొంతమేరకే చెల్లుతుంది. బళ్ల కొరత, సిబ్బంది కొరత, రెండు కొసల్లో నిలుపుకొనే చోటు కొరత తక్కిన కారణాలు. 2025 జనవరి 6న ప్రారంభమైన చర్లపల్లి టెర్మినల్‌తో చోటు కొరత కొంత తీరింది. ఆ టెర్మినల్‌లో దిగే దూరప్రయాణికులు నగరంలోకి చేరడానికి ఎంఎంటీఎస్ మరింత అవసరమైంది.

కరోనా కాలం మరొక పాఠం. 2020 మార్చిలో నిలిపివేసిన ఎంఎంటీఎస్‌ను 2021 జూన్‌లో కేవలం 10 సర్వీసులతో తిరిగి మొదలుపెట్టారు. ఈ పదిహేను నెలల్లో నిత్యప్రయాణికులు వేరే ఏర్పాట్లు చేసుకున్నారు. 2017 నవంబరులో ప్రారంభమైన మెట్రో వారిలో చాలామందిని ఆకర్షించింది. మెట్రో చార్జీ ఎంఎంటీఎస్ కన్నా ఎన్నో రెట్లు ఎక్కువ. అయినా నాలుగైదు నిమిషాలకొక బండి వస్తుందన్న నమ్మకానికి జనం ఆ సొమ్ము చెల్లిస్తున్నారు.

నర్సీపట్నం నుంచి పిల్లలను హైదరాబాద్ పంపే తల్లిదండ్రులకు ఇందులో ఉపయోగపడే సంగతి ఉంది. స్టేషన్‌కు ఐదు నిమిషాల దూరమని రాసిన ప్రకటన చూసి గది గానీ ఫ్లాటు గానీ ఖాయం చేసుకునే ముందు ఆ స్టేషన్‌లో ఆగే బళ్ల వేళల పట్టిక చూడటం మంచిది. ఉదయం ఎనిమిది నుంచి పది వరకు ఎన్ని బళ్లు, రాత్రి చివరి బండి ఎన్నింటికి, ఆదివారం నడుస్తాయా అన్న మూడు ప్రశ్నలకు జవాబు తెలిస్తే ఆ ప్రకటన విలువ ఎంతో తేలిపోతుంది.

హాల్టుకూ లెక్కలుంటాయి

మా పేటలో బండి ఆపాలని వినతిపత్రం ఇవ్వగానే రైల్వేలో జరిగేది ఏమిటి? దాన్ని డివిజన్‌లోని వాణిజ్య విభాగం, నిర్వహణ విభాగం పరిశీలిస్తాయి. ఎందరు ఎక్కుతారు, ఆదాయమెంత, పక్క స్టేషన్ ఎంత దూరమన్నది మొదటి విభాగం లెక్క. ఆగితే వెనుక బళ్లకు ఎన్ని నిమిషాలు ఆలస్యమన్నది రెండో విభాగం లెక్క. బండి వేగం తగ్గి, నిలిచి, తిరిగి వేగం అందుకునేసరికి, ఒక నిమిషం నిలిచిన బండి కూడా ఎన్నో నిమిషాలు పోగొట్టుకుంటుంది. పెద్ద ఎక్స్‌ప్రెస్‌కు చిన్న ఊళ్లో నిలుపుదల ఇవ్వడానికి అధికారులు వెనుకాడేది ఇందువల్లనే.

ఇంజినీరింగ్ విభాగానిది వేరే లెక్క. సిగ్నళ్లు, పక్క వరుసలు ఉండే స్టేషన్ ఆవరణలో పట్టాల వాలు 400 అడుగులకు ఒక అడుగు మించరాదు. మించితే నిలిపిన పెట్టెలు వాటంతట అవే దొర్లిపోయే ప్రమాదముంది. వంపులో ప్లాట్‌ఫారం కడితే బండికీ గట్టుకూ మధ్య సందు పెరుగుతుంది, గార్డుకు బండి మొత్తం కనిపించదు. రోడ్డు నుంచి ప్లాట్‌ఫారానికి దారి, ఒక వరుస నుంచి రెండో వరుసకు పైవంతెన, వృద్ధులకు లిఫ్టు, ఇవన్నీ ఖర్చుతో కూడినవే. పూర్తిస్థాయి స్టేషన్ సాధ్యం కాని చోట హాల్టు ఇస్తారు. అక్కడ సిగ్నళ్లు ఉండవు, స్టేషన్‌మాస్టరు ఉండడు. చాలాచోట్ల కమీషన్ పద్ధతిపై స్థానికుడొకరు టికెట్లు అమ్ముతాడు. రైల్వే 2017 నుంచి స్టేషన్లను దూరప్రయాణ స్టేషన్లు, శివారు స్టేషన్లు, హాల్టులు అని మూడు తరగతులుగా విభజించి, ప్రయాణికుల సంఖ్య, ఆదాయం ఆధారంగా సదుపాయాలు నిర్ణయిస్తోంది. తక్కువ తరగతిలో పడిన స్టేషన్‌కు కప్పు, బల్లలు, తాగునీరు రావడం కూడా ఆలస్యమే.

తెలుగువారు లక్షల్లో నివసించే బెంగళూరు అనుభవం ఇక్కడ ప్రస్తావనార్హం. ఆ నగరంలో ఉన్న పట్టాల మీదనే లోకల్ బళ్లు నడపాలని దశాబ్దాలు కోరి విసిగిన పిమ్మట, వేరుగా పట్టాలు వేయాలని నిశ్చయించారు. 148 కిలోమీటర్లు, నాలుగు మార్గాలు, రూ.15,767 కోట్లు. 2022 జూన్ 20న శంకుస్థాపన జరిగింది. రాష్ట్రం, రైల్వే కలసి ఏర్పాటు చేసిన సంస్థ పనులు చూస్తోంది. ఉన్న పట్టాలు వాడుకుంటే చవక, కానీ బళ్లు తక్కువ. కొత్త పట్టాలు వేస్తే బళ్లు ఎక్కువ, కానీ ఖర్చూ కాలమూ ఎక్కువ. ప్రతి నగరం ఈ రెండింటిలో ఒకదాన్ని ఎంచుకోక తప్పడం లేదు.

విశాఖలో రెండు దారులు

విశాఖపట్నం స్టేషన్‌కు ఒక విచిత్రం ఉంది. హౌరా వైపు నుంచి వచ్చి చెన్నై వైపు పోయే బండి అక్కడికి చేరాక వచ్చిన ముఖానే ముందుకు సాగలేదు. ఇంజిను మార్చుకొని వెనుదిరగాలి. ఆ కాలహరణం తప్పించేందుకు కొన్ని దూరప్రాంత బళ్లు నగరంలోకి రాకుండా దువ్వాడ మీదుగానే వెళ్లిపోతాయి. రెండు తలల లోకల్ బండికి ఈ మలుపు సమస్యే కాదు. విశాఖ నుంచి దువ్వాడ 17 కిలోమీటర్లు, అనకాపల్లి 33 కిలోమీటర్లు. నడుమ మర్రిపాలెం, సింహాచలం స్టేషన్లు ఉన్నాయి. మరోవైపు పెందుర్తి మీదుగా విజయనగరానికి దారి ఉంది. దువ్వాడ చుట్టూ పరిశ్రమలు, అనకాపల్లిలో 2022 ఏప్రిల్ 4 నుంచి జిల్లా కేంద్రం. హైదరాబాద్ తరహాలో లోకల్ బళ్లు నడపడానికి ఇంతకన్నా అనువైన మార్గం రాష్ట్రంలో మరొకటి కానరాదు. అయితే ఈ పట్టాల మీద ఇనుప ఖనిజం, బొగ్గు బళ్ల రద్దీ ఏపాటిదో దువ్వాడ ప్లాట్‌ఫారం మీద అరగంట నిలుచున్న వారెవరికైనా తెలుస్తుంది.

ప్రభుత్వం ప్రస్తుతానికి ఎంచుకున్నది మెట్రో. 2024 డిసెంబరులో రాష్ట్రం ఆమోదించిన పథకం ప్రకారం తొలిదశ 46.23 కిలోమీటర్లు, 42 స్టేషన్లు, రూ.11,498 కోట్లు. స్టీలుప్లాంటు కూడలి నుంచి కొమ్మాది వరకు 34.40 కిలోమీటర్లలో 29 స్టేషన్లు, గురుద్వారా నుంచి పాత పోస్టాఫీసు వరకు 5.08 కిలోమీటర్లలో 6, తాటిచెట్లపాలెం నుంచి చినవాల్తేరు వరకు 6.75 కిలోమీటర్లలో 7 స్టేషన్లు వస్తాయి. లెక్క కడితే కిలోమీటరుకు దాదాపు రూ.249 కోట్లు. హైదరాబాద్ ఎంఎంటీఎస్ రెండో దశ మొత్తానికి 2012 నాటి అంచనా అయిన రూ.816 కోట్లు ఈ మెట్రోలో మూడు కిలోమీటర్ల పైచిలుకు దూరానికి సరిపోతాయి. పన్నెండేళ్ల నాటి ధరలను నేటి ధరలతో పోల్చడం పూర్తిగా సబబు కాకపోయినా, తేడా ఎంతటిదో తెలియడానికి ఈ లెక్క చాలు.

నర్సీపట్నం నుంచి అనకాపల్లి మీదుగా విశాఖ వెళ్లే బస్సు లంకెలపాలెం దాటి కూర్మన్నపాలెం చేరుతుంది. మెట్రో మొదటి స్టేషన్ వచ్చేది ఆ పరిసరాల్లోనే. అక్కడ దిగి మెట్రో ఎక్కితే గాజువాక, ఎన్ఏడీ కూడళ్ల రద్దీ తప్పుతుంది. బస్సు ప్రయాణికులకు ఇది నిస్సందేహంగా మేలు. రైలులో వచ్చేవారి సంగతి వేరు. దువ్వాడ స్టేషన్‌కూ కూర్మన్నపాలెం కూడలికీ మధ్య రెండు మూడు కిలోమీటర్ల ఎడం ఉంది. ఇప్పుడు ఆ దూరాన్ని ఆటోలే భర్తీ చేస్తున్నాయి. పథకం కాగితం మీద ఉన్నప్పుడే ఈ రెండింటినీ కలిపే ఏర్పాటు ఆలోచించకపోతే, రైలు దిగిన మనిషి పాతికేళ్ల తర్వాత కూడా ఆటో బేరమాడుతూనే ఉంటాడు.

మన వంతు లెక్క

నర్సీపట్నం రోడ్డు నుంచి విశాఖకు రైలులో సుమారు 75 కిలోమీటర్లు. నర్సీపట్నం నుంచి నేరుగా బస్సులో వెళితే రెండు గంటలకు పైబడి పడుతుంది. స్టేషన్ వరకు కోటవురట్ల మీదుగా బస్సు ప్రయాణం ముప్పావుగంట నుంచి గంట, అక్కడ బండి కోసం నిరీక్షణ, ఆపై రైలు ప్రయాణం. రెండూ కలిపితే నేరు బస్సు కన్నా ముందు చేరేది అరుదు. చార్జీలో మిగులు ఉన్నా కాలంలో మిగులు లేదు. ఈ కారణంగానే నిత్యప్రయాణికులు ఆర్టీసీని విడవడం లేదు. కోటవురట్ల, ఏటికొప్పాక, ఎస్.రాయవరం పరిసర గ్రామాలవారి లెక్క వేరు. వారికి స్టేషన్ దగ్గర. ఏటికొప్పాక లక్కబొమ్మల కోసం వచ్చే యాత్రికులకూ అదే అనువైన స్టేషన్.

నర్సీపట్నానికి కొత్త రైలు మార్గం వేయడం కొండంత పని. స్టేషన్‌ను ఊరికి తేలేని చోట ఊరిని స్టేషన్‌కు దగ్గర చేయడం సాధ్యమే. ఉదయం విశాఖ వైపు పోయే బండి వేళకు ఇరవై నిమిషాలు ముందుగా ఒక బస్సు స్టేషన్ చేరాలి. సాయంత్రం బండి దిగినవారి కోసం మరొక బస్సు అక్కడ నిలిచి ఉండాలి. బండి ఆలస్యమైతే బస్సూ ఆగాలి. ఇందుకు కోట్లు అక్కరలేదు. ఆర్టీసీ డిపో, స్టేషన్‌మాస్టరు కార్యాలయం మధ్య ఒక ఫోను, వేళల పట్టికలో ఒక సవరణ చాలు. హైదరాబాద్ కాలనీవాసులు కొత్త స్టేషన్ల వద్ద కోరుతున్నదీ ఇటువంటి అనుసంధాన బస్సులనే.

నిత్యం వెళ్లేవారు తెలుసుకోవలసిన మరొక అంశం సీజన్ టికెట్. సాధారణంగా 150 కిలోమీటర్ల లోపు దూరానికి నెలవారీ, మూడు నెలల సీజన్ టికెట్లు ఇస్తారు. మూడు నెలలది నెల ధరకు 2.7 రెట్లు మాత్రమే. రోజూ టికెట్ కొనడం కన్నా ఇది ఎంతో చవక. రిజర్వేషన్ లేని పెట్టెల్లోనే చెల్లుతుంది, సూపర్‌ఫాస్ట్ బండి ఎక్కాలంటే అదనపు రుసుము కట్టాలి. ఒక స్టేషన్‌లో బండి నిలపాలని కోరేటప్పుడు రైల్వే చూసే లెక్కల్లో అక్కడ అమ్ముడయ్యే టికెట్లు ముఖ్యమైనవి. నర్సీపట్నం రోడ్డులో ఎక్కి, అనకాపల్లి నుంచో తుని నుంచో టికెట్ తీసుకున్నవారు ఆ లెక్కలో ఈ స్టేషన్ ప్రయాణికులుగా కనిపించరు.